మీ ఇంటిపేరు ఏ ఊరిది, ఎవరిది? తెలుగు పేర్ల మూలాన్ని వెతికే పద్ధతి

ఇంటిపేరుకు అర్థం తెలుసుకోవాలనుకున్నవారు సాధారణంగా ముందు నిఘంటువు తెరుస్తారు, లేదా అంతర్జాలంలో పేర్ల జాబితాలు వెతుకుతారు. తెలుగు ఇంటిపేర్ల విషయంలో ఈ రెండూ దారి తప్పించే పనులే. మన ఇంటిపేర్లలో ఎక్కువ భాగం ఒక గుణాన్నో వస్తువునో వర్ణించడానికి పుట్టినవి కావు, కొత్తగా వచ్చిన కుటుంబాన్ని చూసి ఊరివారు "వీరెవరు, ఎక్కడివారు?" అని అడిగితే వచ్చిన జవాబే చాలాచోట్ల ఇంటిపేరుగా నిలిచిపోయింది. ఆ జవాబు ఒక ఊరు కావచ్చు, ఒక పూర్వీకుడు కావచ్చు, ఒక కొలువు కావచ్చు. అందువల్ల ముందు పేరు రూపాన్ని, తరువాత అది పుట్టిన చోటును, ఆపైన అందుకు ఆధారాన్ని, అన్నిటికీ చివర అర్థాన్ని వెతకాలి. కింద చెప్పిన మెట్లన్నీ ఈ వరుసలోనే ఉన్నాయి.

మొదటి మెట్టు: పేరును పాత తెలుగు రూపంలో సంపాదించడం

ఆధార్ కార్డులోనో పాస్‌పోర్టులోనో ఉన్న ఇంగ్లీషు స్పెల్లింగుతో పని మొదలుపెట్టకూడదు. ఆ లిపిలో హ్రస్వదీర్ఘాల తేడా, త-ట, ద-డ, ల-ళ, న-ణల తేడా నిలవవు. మడుగుల అన్నా మాడుగుల అన్నా ఇంగ్లీషులో ఒకే అక్షరాలు పడతాయి. కానీ మొదటిది నీటి మడుగులను సూచించే మాట, రెండోది ఉత్తరాంధ్రలోని ప్రసిద్ధమైన ఊరు. పొడి అక్షరంగా మాత్రమే ఇంటిపేరు మిగిలిన కుటుంబాల్లో పరిస్థితి మరీ కష్టం. తాత పేరు ముందున్న "కె" కొమ్మూరో కాకర్లో మనవలకు తెలియని ఇళ్లు తక్కువేమీ కాదు.

పాత శుభలేఖలు, జాతకచక్రాలు, ఇంటి గోడలోని శిలాఫలకం, గుడిలో విరాళం ఇచ్చినవారి పేర్ల పలక, బడిలో చేరినప్పటి ప్రవేశ రిజిస్టరు, తాతల నాటి క్రయ దస్తావేజులు ఈ పనికి ఉపయోగపడతాయి. ప్రతిదానిలో ఇంటిపేరు ఎలా ఉందో అక్షరం పొల్లుపోకుండా, సంవత్సరంతో సహా రాసుకోండి. పాత కాగితంలో బండి ఱ ఉన్నచోట మీరు ర రాసుకుంటే ఒక ఆధారం పోయినట్టే. వీలైతే ఊళ్లో పెద్దలు ఆ ఇంటిని నోటితో ఏమని పిలుస్తారో కూడా వినండి. కాగితం మీద "రు"తో ముగిసిన పేరు నోట్లో "రివారి ఇల్లు" అవుతుంది. ఆ "రి" ఎంత ముఖ్యమో మూడో మెట్టులో తెలుస్తుంది.

రెండో మెట్టు: ఇంటి పెద్దలను అడగడం

"మన ఇంటిపేరుకు అర్థమేమిటి?" అని అడిగితే పెద్దలు ఏదో ఒక కథ చెబుతారు. ఆ కథను రాసుకోండి గాని నమ్మడానికి తొందరపడకండి. అంతకంటే ఉపయోగపడే ప్రశ్నలు వేరే ఉన్నాయి. ఇలవేల్పు ఎవరు, ఆ గుడి ఎక్కడుంది? పిల్లల పుట్టువెంట్రుకలు ఆనవాయితీగా ఎక్కడ తీయిస్తారు? ఇప్పుడున్న ఊరికి ముందు ఏ ఊరు, అక్కడ దాయాదులు ఇంకా ఉన్నారా? ఏ ఇంటిపేరువారితో పురుడూ మైలా పాటిస్తారు? ఇలవేల్పు, పుట్టువెంట్రుకల చోటు ఈ నాలుగింటిలో అత్యంత విలువైన సమాచారం. పొలాలు అమ్మి ఊరు విడిచిన కుటుంబాలు కూడా మొక్కును తరాలపాటు మార్చుకోవు. కాబట్టి ఇప్పుడున్న చోటికి చాలా దూరంలోని ఒక చిన్న గుడికి పిల్లలను తీసుకువెళ్లే ఆచారం ఉంటే, వంశం ఒకప్పుడు ఆ చుట్టుపక్కల ఉండేదని అనుమానించడానికి గట్టి కారణం ఉన్నట్టే.

పితృకార్యాలు చేసే ఇళ్లలో తండ్రి, తాత, ముత్తాతల పేర్లు, తల్లి వైపు కూడా అదే విధంగా మూడు తరాల పేర్లు చెబుతారు. తద్దినం పెట్టించే పురోహితుని పుస్తకంలో ఆ పేర్లు రాసి ఉండవచ్చు. కాశీ, గయల్లో పండాల (తీర్థపురోహితుల) దగ్గర ఉండే వహీలలో, అంటే యాత్రికుల వివరాలు రాసుకునే పుస్తకాల్లో, యాత్రకు వెళ్లిన పూర్వీకుల ఊరు, పేరు దొరికిన కుటుంబాలూ ఉన్నాయి.

దత్తత సంగతి తప్పకుండా అడగాలి. దత్తుడి ఇంటిపేరు మారిపోతుంది, అక్కడితో రక్తసంబంధమైన వంశం ఒక దారి, ఇంటిపేరు మరో దారి పడతాయి. రచయిత చలం పుట్టింది కొమ్మూరివారి ఇంట. మాతామహుడు దత్తత తీసుకోవడంతో గుడిపాటి వెంకటచలం అయ్యారు. శ్రీశ్రీ పూడిపెద్దివారి బిడ్డ, దత్తత వల్ల శ్రీరంగం శ్రీనివాసరావు. ఇల్లరికం దీనికి భిన్నం, అల్లుడు సాధారణంగా తన ఇంటిపేరునే ఉంచుకుంటాడు. ఆడవారి పుట్టింటి ఇంటిపేర్లను కాగితాలు చాలావరకు మింగేస్తాయి గనుక, నాయనమ్మ, అమ్మమ్మ, వారి తల్లుల పుట్టిళ్ల పేర్లు ఈ దశలోనే అడిగి రాసుకోవాలి. ఆ పెద్దలు పోయాక అవి మరెక్కడా దొరకవు.

మూడో మెట్టు: పేరును వ్యాకరణం ప్రకారం విప్పడం

పనంతటిలో ఓపికగా చేయవలసిన భాగం ఇదే. తెలుగులో ఇంటిపేరు వ్యక్తి పేరుకు ముందు విశేషణంగా నిలుస్తుంది. "వేటూరి" అంటే "వేటూరుకు చెందిన" అని. అంటే ఊరి పేరు ఉన్నది ఉన్నట్టు రాకుండా షష్ఠిలో వాడే రూపంలోకి మారి వస్తుంది. ఇ, టి, తి అనే ఔపవిభక్తికాలను బడిలో చదువుకున్నవారికి ఇది గుర్తుండే ఉంటుంది. ఇంటిపేరు చివర ఆ మార్పును వెనక్కి తిప్పితే ఊరి పేరు బయటపడుతుంది.

"ఊరి"తో ముగిస్తే "ఊరు"గా మార్చి చూడండి: కందుకూరి వెనుక కందుకూరు, వేమూరి వెనుక వేమూరు, టంగుటూరి వెనుక టంగుటూరు ఉన్నాయి. "పాటి"తో ముగిస్తే "పాడు" వెతకండి: చింతలపాటి చింతలపాడు నుంచి, గుడిపాటి గుడిపాడు నుంచి వస్తాయి. "ఏటి"లో ఏరు ఉంటుంది: పసుపులేటి అన్నదాన్ని పసుపులేరు అని విప్పితే ముందున్నది వాగో నదో అని అర్థమవుతుంది. "కంటి", "గంటి" అని ఉంటే "కల్లు", "గల్లు" ప్రయత్నించాలి. "మర్తి"కి "మర్రు", "పర్తి"కి "పర్రు" మూలరూపాలు: నిడమర్తివారికి నిడమర్రు, తాటిపర్తివారికి తాటిపర్రు. సున్నతో ముగిసే ఊళ్లు "పు"గా మారతాయి. గన్నవరం గన్నవరపు అయింది, పోలవరం పోలవరపు అయింది. పల్లి, కొండ, గడ్డ, పూడి, లంక వంటివి మారకుండానే నిలుస్తాయి. దేవులపల్లి, తాడికొండ, జొన్నలగడ్డ, గొల్లపూడి అలాంటివి.

ఈ సూత్రాలకు లొంగనివీ ఉన్నాయి. రాయప్రోలు, నిడదవోలు, సురవరం ఇంటిపేర్లుగా కూడా ఊరి రూపాన్నే నిలుపుకున్నాయి. కొన్ని కుటుంబాలు ఒక తరంలో "రు" అని, మరో తరంలో "రి" అని రాసుకున్నాయి కాబట్టి రెండు రూపాలనూ వేర్వేరు వంశాలుగా లెక్కించకూడదు. సమాసం మధ్యలో క, ప వంటి పరుషాలు గ, వలుగా మారతాయన్నది కూడా గుర్తుంచుకోవాలి: కల్లు గల్లు అవుతుంది, కుంట గుంట అవుతుంది, ప్రోలు వోలు అవుతుంది. మొదటి భాగాన్ని విడదీసేటప్పుడు ఈ మార్పును లెక్కలోకి తీసుకోకపోతే లేని మాటలు పుట్టుకొస్తాయి.

ఒక పేరును పూర్తిగా విప్పి చూద్దాం. ఈడుపుగంటి అన్న ఇంటిపేరును చెవితో విన్నవారు "గంట" అనో "కన్ను" అనో కథ అల్లుతారు. వ్యాకరణం ప్రకారం "గంటి"ని వెనక్కి తిప్పితే "గల్లు" వస్తుంది, పేరు ఈడుపుగల్లు అవుతుంది. విజయవాడ దగ్గర, మచిలీపట్నం దారిలో ఈడుపుగల్లు అన్న ఊరు ఇప్పటికీ ఉంది. ఇక్కడ గంటకూ కంటికీ చోటు లేదు. ఊరి పేరులోని "కల్లు"కు రాయి అన్న అర్థం ఉందా, లేదా అన్నది ఊరి పేరుకు సంబంధించిన ప్రశ్న; ఇంటిపేరుకు సంబంధించినంతవరకు సమాధానం ఆ ఊరే.

నాలుగో మెట్టు: ఏ తరగతికి చెందిందో తేల్చడం

విప్పిన తరువాత ఊరు కనబడకపోతే పూర్వీకుడి పేరు కోసం చూడాలి. "నేని" అన్నది "నాయని" నుంచి వచ్చింది గనుక సూరపనేనివారి మూలపురుషుడు సూరప్ప నాయుడు అనుకోవచ్చు. రాజు, రెడ్డి, శెట్టి, భట్ల వంటి మాటలు ఇంటిపేరు చివర ఉన్నప్పుడు వాటి ముందున్నది చాలావరకు ఒక మనిషి పేరే. "ఓజు"తో ముగిసే రామోజు, కట్టోజు వంటివి కంసాలి, వడ్రంగి, శిల్పి కుటుంబాల్లో కనిపిస్తాయి. ఆ "ఓజు" ఉపాధ్యాయ శబ్దం నుంచి దిగివచ్చిన ఓజ.

కొలువుల నుంచి, విద్యల నుంచి వచ్చిన ఇంటిపేర్లు మరో పెద్ద గుంపు. రాయసం అంటే రాజుగారి ఉత్తరప్రత్యుత్తరాలు రాసే ఉద్యోగం. మంత్రిప్రగడలో ఉన్నది మంత్రి హోదాను తెలిపే ప్రెగడ. భండారు ఖజానాకు, సరుకుల కొట్టుకు సంబంధించినది. మహాభారతంలో 15 పర్వాలను తెలుగు చేసిన తిక్కన ఇంటిపేరు కొట్టరువు, అంటే ధాన్యపు కొట్టు. యజ్ఞం చేసినవారి వంశం సోమయాజుల, వాజపేయాజుల అయింది. జాతకాలు చూసేవారిది జోస్యుల, భాగవత ప్రదర్శనలు ఇచ్చేవారిది భాగవతుల అయ్యాయి. నిజాం రాజ్యంలో దేశ్‌ముఖ్, దేశ్‌పాండే, పటేల్, పట్వారీ వంటి హోదాలు వ్యక్తి పేరు వెనుక చేరి నిలిచిపోయాయి. హోదా పేరు మీద ఉన్నంత మాత్రాన ఆ ఉద్యోగం అన్ని తరాలూ చేశారని అనుకోకూడదు. ఒక్క తరం చేసినా పేరు చాలాకాలం ఉంటుంది.

చెట్టు, గింజ, జంతువు, వస్తువు పేర్లే ఇంటిపేర్లయినవి అన్నిటికంటే మోసం చేస్తాయి. వేముల, తుమ్మల, మిరియాల, మేకల, గుర్రాల, ముత్యాల అన్నప్పుడు అది వ్యాపారమా, ఇంటి ముందున్న చెట్టా, కులచిహ్నమా, ఊరి పేరా అన్నది మాటను బట్టి చెప్పలేం. వేముల కడప ప్రాంతంలో ఒక ఊరు కూడా. ఈ పేర్లు కొత్తగా వచ్చినవీ కావు. కాకతీయుల కాలంలోనే రేచర్ల, మల్యాల, విరియాల, గోన వంశాల సరసన చెరకు వంశం ఉంది. ఇలాంటి పేరు మీదైతే ఈ మెట్టులో నిర్ణయం చేయకుండా అభ్యర్థులన్నిటినీ రాసుకుని ముందుకు వెళ్లాలి.

ముస్లిం కుటుంబాల్లో పేరుకు ముందు వచ్చే షేక్, సయ్యద్, పఠాన్, మహమ్మద్ వంటివి తెలుగు ఇంటిపేర్ల మాదిరిగా ఊరినో పూర్వీకుడినో సూచించవు గనుక అక్కడ ఈ విడదీసే పద్ధతి పనికిరాదు. తెలుగు క్రైస్తవ కుటుంబాలు చాలావరకు పాత ఇంటిపేరునే ఉంచుకున్నాయి, కాబట్టి వారి విషయంలో పద్ధతి మారదు.

ఇంటిపేరును బట్టి కులాన్ని ఊహించే అలవాటు పరిశోధనకు పెద్ద అడ్డంకి. ఒక ఊరు విడిచి వెళ్లిన వేర్వేరు కులాలవారు అందరూ ఆ ఊరి పేరే ఇంటిపేరుగా పొందారు. ఇంటిపేరు ఒకటై గోత్రాలు వేరైన కుటుంబాలు ఎన్నో. ఇంటిపేరు కలిసిందంటే ఒకప్పుడు ఊరు కలిసి ఉండవచ్చు, అంతే.

అయిదో మెట్టు: ఊరిని పటంలో పట్టుకోవడం

ఊళ్లో ఉన్నంతకాలం ఆ ఊరి పేరు ఎవరినీ ప్రత్యేకంగా గుర్తించదు, అక్కడ అందరూ ఆ ఊరివారే. ఆ ఊరు విడిచి వెళ్లినప్పుడే అది ఇంటిపేరవుతుంది. కాబట్టి ఊరి పేరుతో ఉన్న ఇంటిపేరు ఒక వలసకు సాక్ష్యం, వెతకవలసింది కుటుంబం ఇప్పుడున్న చోట కాదు. కందుకూరి వీరేశలింగం 1848లో పుట్టింది రాజమహేంద్రవరంలో, కందుకూరు ఒంగోలుకు దక్షిణాన ఉంది. కాకర్ల త్యాగరాజు 1767లో పుట్టింది తమిళదేశంలోని తిరువారూరులో, కాకర్ల ప్రకాశం ప్రాంతపు పల్లె. సర్వేపల్లి రాధాకృష్ణన్ పుట్టింది తిరుత్తణిలో, సర్వేపల్లి నెల్లూరు జిల్లాలో ఉంది. ఘంటసాల వెంకటేశ్వరరావుది మాత్రం దగ్గరి వలస. ఆయన పుట్టిన చౌటపల్లీ, ఘంటసాలా రెండూ కృష్ణా జిల్లా ఊళ్లే.

వెతుకులాటకు జనగణన శాఖ ప్రచురించే జిల్లా హ్యాండ్‌బుక్కుల్లోని గ్రామాల జాబితాలు ఉత్తమం. పాత పుస్తకాల్లో ఊళ్లు తాలూకా, ఫిర్కాల (తాలూకాలోని భాగాల) కింద ఉంటాయి. 1985లో మండలాలు వచ్చాయి. 2016లో తెలంగాణ జిల్లాలు, 2022లో ఆంధ్రప్రదేశ్ జిల్లాలు పునర్వ్యవస్థీకరణకు లోనయ్యాయి. ఈ మార్పులు తెలియకపోతే ఒకే ఊరు మూడు జిల్లాల్లో మూడుసార్లు కనబడి మూడు ఊళ్లనిపిస్తుంది. రెవెన్యూ లెక్కల్లో "బేచిరాకు గ్రామం" అని రాసి ఉన్నవాటిని వదిలేయకండి. అంటే భూములు, సర్వే నంబర్లు ఉండి జనం లేని ఊరు. కరువుకో, వరదకో, గత్తరకో పాడుపడిన ఊళ్ల పేర్లు అక్కడ తప్ప మరెక్కడా మిగలవు, అలాంటి ఊరి జనం చెల్లాచెదురైనప్పుడే ఆ పేరు ఇంటిపేరుగా నాలుగు దిక్కులకూ పాకుతుంది.

కొత్తపల్లి, గుడిపాడు, చింతలపాడు వంటి పేర్లతో ఊళ్లు ఎన్నో చోట్ల ఉంటాయి. వాటిలో మీది ఏదో తేల్చేది రెండో మెట్టులో రాసుకున్న ఇలవేల్పు. గుడికి సమీపంలో అదే పేరున్న ఊరు ఉంటే దానికే ప్రాధాన్యం ఇవ్వండి. మీవారితో తరతరాలుగా వియ్యమందే ఇంటిపేర్లను కూడా విప్పి, ఆ ఊళ్లు ఏ ప్రాంతంలో గుమిగూడి ఉన్నాయో చూడండి. నాలుగైదు ఇంటిపేర్లు ఒకే తాలూకా వైపు చూపిస్తే అది యాదృచ్ఛికం అయ్యే అవకాశం తక్కువ.

ఆరో మెట్టు: కాగితంలో ఆధారం

ఇప్పటివరకు చేసింది ఊహ. దాన్ని కాగితం బలపరచాలి. ఆంధ్ర ప్రాంతంలో ఆర్ఎస్ఆర్ అని పిలిచే సెటిల్‌మెంట్ రిజిస్టరు, పాత అడంగళ్లు, తెలంగాణలో సేత్వార్, 1954–55 నాటి ఖాస్రా పహాణీ ముందుగా చూడవలసినవి. ఏ సర్వే నంబరు ఎవరి పేర ఉండేదో వీటిలో ఉంటుంది. ఆస్తి చేతులు మారిన వివరాలు చూపే రిజిస్ట్రేషన్ శాఖ ఈసీలు (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్లు) 1983 నుంచి కంప్యూటర్లో దొరుకుతాయి, అంతకు ముందువాటికి సబ్‌రిజిస్ట్రారు కార్యాలయంలో దరఖాస్తు పెట్టుకోవాలి. పాత దస్తావేజు మొదటి పేరాను ప్రత్యేకంగా చదవాలి. "ఫలానా గ్రామ కాపురస్తులు, ఫలానావారి కుమారుడు, ప్రస్తుతం ఫలానా గ్రామంలో ఉంటున్న" అన్న ఆ ఒక్క వాక్యంలో తండ్రి పేరు, పాత ఊరు, కొత్త ఊరు మూడూ కలిసి దొరకవచ్చు.

మీ పూర్వీకులకు ఇనాం (మాన్యంగా ఇచ్చిన) భూమి ఉండేదని తెలిస్తే మీ అదృష్టం. మద్రాసు ప్రెసిడెన్సీలో 1858లో ఏర్పడిన ఇనాం కమిషన్ ప్రతి ఇనాంనూ విచారించి, ఎవరు ఎవరికి ఇచ్చారో, తరువాత ఎవరి అనుభవంలోకి వచ్చిందో ఇనాం ఫెయిర్ రిజిస్టర్లలో రాయించింది. అంతకు ముందుకాలానికి కైఫీయత్తులు ఉన్నాయి. కల్నల్ కాలిన్ మెకంజీ, ఆయన దగ్గర పనిచేసిన కావలి వెంకట బొర్రయ్య, లక్ష్మయ్య సోదరులు ఊరూరా సేకరించిన చరిత్రలవి. కరణాల దగ్గరి దండకవిలెల (పాత గ్రామ లెక్కల పుస్తకాల) నుంచి ఎక్కించిన సమాచారం వాటిలో చాలా ఉంది. ఊరు ఎలా ఏర్పడింది, ఎవరు వచ్చి ఎక్కడ కట్టుకున్నారు అన్న వివరాలు అందులో ఉంటాయి గాని, కథలూ అంతే ధారాళంగా ఉంటాయి. రాజుల వంశక్రమానికి కైఫీయత్తును నమ్మడం కంటే పొలం గట్లకూ గ్రామోద్యోగుల పేర్లకూ నమ్మడం క్షేమం. కరణం, మునసబు పదవులను ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1984లో రద్దు చేసిన తరువాత కొన్ని పాత లెక్కలు వారి ఇళ్లలోనే ఉండిపోయాయి, ఊళ్లో విచారించడం మంచిది.

శాసనాల వరకు వెళ్లదలచినవారికి దక్షిణ భారత శాసనాల సంపుటాల్లో 10వది పూర్తిగా తెలుగు శాసనాలది. 1213 నాటి రామప్ప గుడి శాసనంలో రేచర్ల రుద్రుడి వంశం కనబడినట్టు సామంత కుటుంబాల పేర్లు శాసనాల్లో దొరుకుతాయి. సాధారణ రైతు కుటుంబపు ఇంటిపేరు అక్కడ దొరికితే అది మన వంశమేనని అనుకోవడం మాత్రం ఆశ తప్ప ఆధారం కాదు. నడుమ ఉన్న తరాలను కలిపే తీగ ఉండదు.

రాత లేనిచోట నోటి సంప్రదాయం ఉంది. రెడ్డి, కాపు కుటుంబాలకు పిచ్చికుంట్లవారు, పద్మశాలీలకు కూనపులివారు, మాదిగలకు డక్కలివారు, విశ్వకర్మలకు రుంజవారు గోత్రాలూ ఇంటిపేర్లూ కులపురాణాలూ చెప్పే ఆశ్రిత గాయకులు. వారు వచ్చినప్పుడు మీ ఇంటిపేరు ఏ వరుసలో, ఏ ఊరి పేరుతో కలిపి చెబుతారో రికార్డు చేసుకోండి. మూలపురుషుడి కథను పురాణంగా తీసుకుని, ఊళ్ల జాబితాను సమాచారంగా తీసుకోవడం మేలు.

ఏడో మెట్టు: వ్యక్తి పేర్ల దగ్గరికి

ఇంటిపేరు దారి మూసుకుపోయినప్పుడు పూర్వీకుల సొంత పేర్లు దారి చూపిస్తాయి. తెలుగువారు పిల్లలకు మొక్కుకున్న దేవుడి పేరు పెట్టేవారు, ఆ దేవుళ్లు ప్రాంతానికొకరు. అప్పలస్వామి, అప్పలకొండ, సింహాచలం అన్నవి సింహాచలం అప్పన్న పేర్లు. పైడితల్లి, పైడిరాజు విజయనగరానివి. నూకరాజు, నూకాలమ్మ అనకాపల్లి వైపువి. లోవరాజు తుని దగ్గరి లోవది. కోటయ్య, కోటేశ్వరరావు కోటప్పకొండ నీడలో పుట్టిన పేర్లు. నెల్లూరు సీమలో పెంచలయ్య, పెంచలమ్మ వినబడితే పెంచలకోన నరసింహుణ్ణి తలచుకోవాలి, రాయలసీమలో ఓబులేసు, ఓబులమ్మ అంటే అహోబిలాన్ని. యాదగిరి, యాదయ్య యాదగిరిగుట్టవి, రాజేశం, రాజయ్య వేములవాడ రాజన్నవి, సమ్మయ్య, సారయ్య మేడారం జాతరవి. మస్తానయ్య, సైదులు, పీరయ్య అన్న పేర్లు హిందూ కుటుంబాల్లో కనబడితే అవి దర్గాకో పీర్లకో మొక్కుకున్న ఫలితం. కోస్తాలో ఉంటున్న ఒక కుటుంబపు పాత వంశవృక్షంలో ఓబయ్యలు తరతరానా తిరిగి వస్తుంటే, రాయలసీమ వైపు ఒకసారి వెతకడం వృథా కాదు.

కొన్ని పేర్లు వినడానికి చిన్నచూపుగా తోస్తాయి. పెంటయ్య, తవుడు, భిక్షం, కుప్పమ్మ అలాంటివి. పుట్టిన బిడ్డలు వరుసగా చనిపోయిన ఇంట, బతికిన బిడ్డను పెంటకుప్ప మీద పెట్టి తీసుకున్నట్టో, తవుడుకు కొన్నట్టో, భిక్షగా పొందినట్టో తంతు జరిపి ఆ పేరు పెట్టేవారు. వంశవృక్షంలో ఈ పేరు కనబడితే ఆ బిడ్డకు ముందు పోయిన పిల్లలు ఉండి ఉంటారని, వారు మీ జాబితాలో లేరని గుర్తించండి.

కాలాన్ని పట్టించే పేర్లూ ఉన్నాయి. గాంధీ, నెహ్రూ, సుభాష్ చంద్రబోస్ అన్నవి సొంత పేర్లుగా పెట్టుకున్నవారు జాతీయోద్యమ కాలంలోనో దాని తరువాతో పుట్టినవారు. స్టాలిన్, లెనిన్ అన్న పేర్లు వామపక్ష కుటుంబాల చిరునామా. కాగితంలో పుట్టిన సంవత్సరం లేనప్పుడు ఇవి ఒక అంచనాకు పనికివస్తాయి.

ఎనిమిదో మెట్టు: ఇప్పుడు నిఘంటువు

ఊరో, పూర్వీకుడో తేలిన తరువాతే మాట అర్థం చూడాలి. శబ్దరత్నాకరం, సూర్యరాయాంధ్ర నిఘంటువు, 1852 నాటి బ్రౌన్ నిఘంటువు ఆంధ్రభారతి వెబ్‌సైటులో ఒకేచోట వెతకవచ్చు. ఇతర ద్రావిడ భాషలతో పోల్చడానికి బరో, ఎమెనోల ద్రావిడ వ్యుత్పత్తి నిఘంటువు ఉంది. ఊరి పేరులోని రెండో భాగం సాధారణంగా నేలను చెబుతుంది: లంక అంటే నది నడుమ దిబ్బ, పర్ర అంటే పల్లపు చవిటి బీడు, ప్రోలు అంటే పట్టణం. గడ్డ ఉత్తరాంధ్రలో వాగు, మరోచోట మిట్ట, కాబట్టి ఊరు ఎక్కడుందో తెలియకుండా గడ్డకు అర్థం చెప్పలేం. అర్థాన్ని చివరకు వదిలింది ఇందుకే. అర్థం చెప్పుకున్నాక ఆ ఊరికి వెళ్లి, లేదా కనీసం ఉపగ్రహ పటంలో చూసి, నేల అలా ఉందో లేదో సరిచూడండి. లంక అన్న ఊరు నదికి ఆమడ దూరంలో కనబడితే నది దారి మార్చిందో, మీ విడదీత తప్పో తేల్చుకోవాలి.

స్థలపురాణాలు చెప్పే వ్యుత్పత్తుల పట్ల జాగ్రత్త అవసరం. అచ్చతెలుగు ఊరి పేరును సంస్కృతంలోకి మార్చి, ఒక ఋషినో పాండవులనో అక్కడికి రప్పించడం మనకు పాత అలవాటు. పాత దస్తావేజుల్లోని రూపం ఆ కథకు లొంగకపోతే దస్తావేజునే నమ్మాలి. నేటి పిల్లల పేర్లకు జాబితాలు ఇచ్చే అర్థాలు కూడా ఇలాంటివే. సంస్కృత నిఘంటువులో దొరకని పేరుకు "దివ్యమైన వెలుగు" అన్న అర్థం ఎవరో కూర్చి పెట్టారని అనుకోవడమే వివేకం.

తొమ్మిదో మెట్టు: రాసి పెట్టడం

ఒక్కో ఇంటిపేరుకు ఒక్కో పుట కేటాయించండి. పైన పాత రూపాలు సంవత్సరాలతో, కింద విడదీత, దాని కింద అభ్యర్థులైన ఊళ్లు లేదా పూర్వీకులు, ప్రతిదాని ఎదురుగా దాన్ని బలపరిచేది ఏమిటో, కాదనేది ఏమిటో రాయండి. చెప్పినవారి పేరు, వయసు, చెప్పిన తేదీ ఉండాలి. ఎవరో చెప్పిన మాట, కాగితంలో చూసిన మాట, మీరు ఊహించిన మాట మూడూ మూడు రంగుల సిరాల్లో ఉంటే తరువాత కలగాపులగం కాదు. ఇద్దరు పెద్దలు రెండు ఊళ్లు చెబితే ఒకరిది తప్పని కొట్టేయకండి. కుటుంబం మొదట ఒక ఊరు, తరువాత మరో ఊరు విడిచి ఉండవచ్చు, అప్పుడు ఇద్దరూ నిజమే చెప్పినట్టు. ఇంటిపేరు సాధారణంగా అందులో మొదటి ఊరిది, పొలం కాగితాలు రెండో ఊరివి అవుతాయి గనుక ఆ రెండు ఊళ్ల తహసీల్దారు కార్యాలయాలూ తిరగడానికి సిద్ధపడాలి. రెండు ఊళ్లు సమానంగా తూగితే పుట చివర ఏ కాగితం దొరికితే ఏ ఊరు నిలుస్తుందో ఒక్క వాక్యం రాసి ఉంచండి. ఇంట్లో మరొకరు ఎప్పుడైనా ఆ ఆఫీసుకు వెళ్లినప్పుడు అడగవలసిన రిజిస్టరు పేరు వారికి సిద్ధంగా ఉంటుంది.